వెనక సీటు వాళ్లకి కనబడాలి కదా

నా జీవితంలో మొదటిసారి సినిమా హాల్లో కాగితాలు ఎగరేసింది తెనాలిలో కాదు. జపాన్‌లో, అమగసాకి అనే ఊళ్లో, హన్‌క్యూ రైలు ఆగే త్సుకగుచి స్టేషన్ పక్కనున్న సన్‌సన్ థియేటర్‌లో. అప్పటికి నాకు 38 ఏళ్లు.

మా ఊళ్లో మొదటిరోజు మొదటి ఆట అంటే మగపిల్లలది. మా అన్నయ్య తెల్లవారకుండానే లేచి, చించిన కాగితాలు సంచి నిండా కుక్కుకుని వెళ్లేవాడు. ఆ కాగితాలు చించి పెట్టేది మాత్రం నేనే. రాత్రి వంటింటి గడప మీద కూర్చుని పాత నోటుబుక్కులన్నీ చించేదాన్ని. ఒకసారి నా ఏడో తరగతి సోషల్ నోట్సు కూడా ఇచ్చేశాను. అవి హాల్లో ఎలా ఎగిరాయో, హీరో వచ్చినప్పుడు ఎంత గోల జరిగిందో మధ్యాహ్నం అన్నయ్య వచ్చి చెబితే నోరు తెరుచుకుని వినడమే. మమ్మల్ని రెండోవారంలో, రష్ తగ్గాక, మ్యాట్నీకి తీసుకెళ్లేవాళ్లు. అమ్మ, పిన్ని, నేను బాల్కనీలో కూర్చునేవాళ్లం. అప్పటికి కింద ఒక్క కాగితం ముక్క కూడా మిగిలి ఉండేది కాదు.

2023 వేసవిలో ఒక శనివారం మా ఆయన ఆఫీసు పని మీద నాగోయా వెళ్తే, నేనొక్కదాన్నే ఆర్ఆర్ఆర్ మసాలా జోయెయ్‌కి వెళ్లాను. జోయెయ్ అంటే సినిమా ప్రదర్శన. దానికి ముందు మసాలా అని ఉంటే ఆ ఆటలో అరవొచ్చు, చప్పట్లు కొట్టొచ్చు, గిలకలు మోగించొచ్చు, పేపర్ క్రాకర్లు పేల్చొచ్చు, కాగితాలు ఎగరెయ్యొచ్చు. మన సినిమాని మనవాళ్లు చూసినట్టే చూద్దామని పెట్టుకున్న పద్ధతి. మామూలుగా జపాన్ సినిమా హాల్లో గుసగుస కూడా వినబడదు. చివర్లో పేర్లన్నీ పైకి వెళ్లిపోయి లైట్లు వెలిగేదాకా చాలామంది సీట్లోంచి కదలరు. అలాంటి హాళ్లు తెలిసినదాన్ని కాబట్టి, ఏ మాత్రం అరుస్తారులే అనుకుని వెళ్లాను.

నా కుడిపక్క సీట్లో అరవై దాటిన ఒకావిడ. పొట్టిగా కత్తిరించిన నెరిసిన జుట్టు, మీద మన కాటన్ కుర్తా. నేను ఖాళీ చేతులతో వచ్చానని గమనించింది. ఏమీ అడక్కుండా తన సంచిలోంచి జిప్ కవర్ ఒకటి తీసి నా ఒళ్లో పెట్టింది. అందులో రెండు రంగుల కాగితాలు, ఎరుపూ నీలం, కత్తెరతో కోసినవి, అన్నీ గోరంత సైజులో. రామ్ నిప్పు కాబట్టి అతని సీన్లకి ఎరుపు, భీమ్ నీరు కాబట్టి అతనికి నీలం. "ఒకేసారి అయిపోగొట్టకండి, మూడు గంటలు ఉంది" అని మెల్లగా చెప్పింది. ఆ కవరు చేతిలో పట్టుకుని చూస్తుంటే నాకు మా వంటింటి గడప గుర్తొచ్చింది. ఈవిడ కూడా ఏదో ఒక రాత్రి ఒక్కతే కూర్చుని కత్తెరతో ఇవన్నీ కోసుకుని ఉంటుంది. తేడా ఒక్కటే. ఈవిడ కోసిన కాగితాలు ఈవిడే ఎగరేస్తుంది.

ఆట మొదలయ్యే ముందు హాలు మనిషి ఒకాయన తెర ముందుకొచ్చి నాలుగు మాటలు చెప్పాడు. క్రాకర్లు తెర వైపు పేల్చొద్దు, పైకి పేల్చండి. ముందువాళ్ల తలమీదికి వద్దు. వెనక సీటు వాళ్లకి తెర కనబడాలి, అది చూసుకోండి. అంతే. ఆ తర్వాత మూడు గంటలు ఏం జరిగిందో నేను సరిగ్గా చెప్పలేను. నా గొంతు పోయింది. తెలుగు డైలాగు వచ్చిన ప్రతిసారీ పక్కావిడ నా మొహం వైపు చూసేది, అర్థం ఎలా ఉంటుందో నా మొహంలో వెతుక్కుంటున్నట్టు. నేను ఎరుపూ నీలం కలిపేసి ఎగరేశాను. ఆవిడ ఏమీ అనలేదు.

లైట్లు వెలిగాక చూస్తే నేల కనబడటం లేదు. అప్పుడు మొదలైంది నేను ఎన్నటికీ మరిచిపోలేని దృశ్యం. చీపుళ్లు, పెద్ద సంచులు వచ్చాయి. ఎవరూ బయటికి పోలేదు. ఇంతసేపూ గొంతు చించుకున్న జనమే వంగి సీట్ల కిందనుంచి కాగితాలు ఎత్తడం మొదలుపెట్టారు. మా పక్కావిడ మోకాళ్ల మీద కూర్చుని, మడత సీటు సందులో ఇరుక్కున్న ముక్కని గోటితో లాగుతోంది. నేను కూడా పక్కన కూర్చుని ఏరుతుంటే, "దీని తర్వాత ఇంకో సినిమా ఉంది. వాళ్లు వచ్చేసరికి సీటు సీటులా ఉండాలి కదా" అంది.

ఈ వ్యాసం అంతా ఆ మాట గురించే. తర్వాతి ఆటకి వచ్చే ముక్కూమొహం తెలియని మనిషి గురించి కూడా ఆలోచించే అభిమానం అది. దాన్ని చూసి నాకు గౌరవం కలిగింది, ఇప్పటికీ ఉంది. కానీ ఆ శ్రద్ధ ఎక్కడిదాకా వెళ్తోంది, ఎక్కడ ఆగిపోతోంది అన్నది కూడా మాట్లాడుకోవాలి.

మన దగ్గర జపాన్ అభిమానుల గురించి వచ్చే వార్తలన్నీ ఒకటే పాట. మన సినిమా అక్కడ గెలిచింది, మన హీరోలని అక్కడ దేవుళ్లలా చూస్తున్నారు. గెలిచిన మాట నిజమే. 1998లో అక్కడ విడుదలైన రజనీకాంత్ ముత్తు పేరు మీద ఇరవై నాలుగేళ్లపాటు ఉన్న భారతీయ సినిమా వసూళ్ల రికార్డుని, 2022 అక్టోబరు 21న విడుదలైన ఆర్ఆర్ఆర్ రెండు నెలల్లోపే దాటేసింది. అంతకుముందు బాహుబలి రెండో భాగం 2017 డిసెంబరు చివర్లో వచ్చి వంద రోజులు దాటి ఆడింది, దానికి రాజమౌళి గారు టోక్యో వెళ్లి అరుపుల ఆటలో కూర్చున్నారు. 2024 మార్చిలో 83 ఏళ్ల ఒక పెద్దావిడ కాగితంతో వెయ్యి కొంగలు మడిచి కానుకగా పంపి, బయట చలిలో నిలబడి ఉందని ఆయనే రాశారు. ఆ ఫోటో మా ఫ్యామిలీ గ్రూపులో నాకు నాలుగుసార్లు వచ్చింది.

అయితే ఆ కేకలు మన సినిమాతో అక్కడికి వెళ్లినవి కావు. అలా చూడటం వాళ్లు ముందే నేర్చుకున్నారు. 2016 జనవరిలో కింగ్ ఆఫ్ ప్రిజమ్ అనే యానిమే, అంటే జపాన్ బొమ్మల సినిమా, కేవలం 14 హాళ్లలో విడుదలైంది. పాటలు పాడే అబ్బాయిల కథ. అభిమానులు రంగురంగుల లైటు కర్రలు పట్టుకుని, తెరమీద పాత్రకి జవాబులు చెబుతూ మళ్లీ మళ్లీ చూశారు. ఆ నోటా ఈ నోటా పాకి సినిమా నెలల తరబడి ఆడింది. ఓయెన్ జోయెయ్, అంటే ప్రోత్సాహ ప్రదర్శన అన్న మాట దేశమంతా తెలిసింది అప్పుడే. ఆ అభిమానుల్లో ఎక్కువమంది ఆడవాళ్లు. మన సినిమా వెళ్లి ఆ ఒళ్లో పడింది. ఉద్యోగాలు చేసుకునే ఆడవాళ్లు, రిటైరైన ఆడవాళ్లు, పదోసారి పదిహేనోసారి టిక్కెట్టు కొనుక్కునేవాళ్లు, తెలుగు అక్షరాలు దిద్దుకునేవాళ్లు. హీరో పేరు మీద పక్క హీరో అభిమానిని తిట్టడం ఆ హాల్లో నేను వినలేదు. ఆ మూడు గంటలు రామ్‌కీ భీమ్‌కీ ఒకే గొంతుతో కేకలు పెట్టారు.

మన దగ్గర ఏం జరుగుతుందో నేను చెప్పక్కర్లేదు. 2024 డిసెంబరు 4 రాత్రి హైదరాబాదు ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో ప్రీమియర్ ఆట దగ్గర తొక్కిసలాటలో ఒక తల్లి చనిపోయింది, ఆమె కొడుకు చావుబతుకుల మధ్య ఆస్పత్రిలో పడ్డాడు. కొడుకు సరదా పడ్డాడని తీసుకొచ్చిన తల్లి. ఆ వార్త నేను ఇక్కడ అమగసాకిలో వంటింట్లో నిలబడి చదివాను. చిన్నప్పుడు మమ్మల్ని మొదటిరోజు పంపనందుకు మా అమ్మని తప్పుపట్టలేను. కానీ ఆడపిల్ల భయం లేకుండా మొదటిరోజు హాల్లో కూర్చోలేని అభిమానాన్ని మనం అంత గొప్పగా చెప్పుకోకూడదు. ఆ రోజు ఆ చిన్న హాల్లో నాకు దొరికింది ఆ ధైర్యమే. చీకట్లో, ఒంటరిగా, అరుస్తూ, ఎవరి చెయ్యి ఎక్కడ తగులుతుందో అన్న టెన్షన్ లేకుండా.

ఆ పెద్దావిడతో స్నేహం అలా మొదలైంది. ఆవిడ అసలు అభిమానం సినిమా కాదు, తకరజూక అనే ఊరి పేరుతోనే ఉన్న ఆడవాళ్ల నాటక సంస్థ.

త్సుకగుచిలో మెరూన్ రంగు హన్‌క్యూ రైలెక్కి, నిషినొమియా కితగుచిలో మారి ఇమజు లైన్లో కూర్చుంటే చివరి స్టేషన్ తకరజూక. ఆ రైలు కంపెనీ పెట్టిన కొబయాషి ఇచిజో అనే ఆయనే 1913లో ఆడపిల్లల గానబృందం ఒకటి పెట్టాడు. రైలు చివరి స్టేషన్ దాకా జనం రావాలి కదా, అక్కడ వేడినీటి ఊటలు తప్ప ఏమీ లేవు. నడవక మూతపడ్డ ఈతకొలను మీద పలకలు పరిచి 1914 ఏప్రిల్‌లో మొదటి ప్రదర్శన ఇచ్చారు. ఇప్పుడక్కడ రెండున్నర వేలమంది కూర్చునే పెద్ద థియేటరు ఉంది. వేదిక మీద అందరూ పెళ్లికాని ఆడవాళ్లే. మగ పాత్రలు వేసేవాళ్లని ఒతోకొయాకు అంటారు, ఆడ పాత్రలవాళ్లని ముసుమెయాకు. పువ్వు, చంద్రుడు, మంచు, నక్షత్రం, ఆకాశం అని అయిదు బృందాలు. వాటిలో చేరాలంటే ఏడాదికి 40 మందిని మాత్రం తీసుకునే సంగీత పాఠశాలలో రెండేళ్లు చదవాలి. బొమ్మల కథల పితామహుడు తెజుకా ఒసాము పెరిగింది ఆ ఊళ్లోనే, వాళ్లమ్మ చెయ్యి పట్టుకుని ఆ నాటకాలు చూస్తూ. మగవేషం వేసే రాజకుమారి కథ ఆయన 1953లో రాయడం మొదలుపెట్టాడంటే ఆ వేదిక చలవే.

ఈ సంగతులు నాకు పెద్దావిడ చెబుతుంటే నేను ఆవిడకి మా స్థానం నరసింహారావు గారి గురించి చెప్పాను. మా తెనాలి శ్రీరామ విలాస సభలో ఆయన సత్యభామ వేషం కట్టి స్టేజీ మీదికొస్తే, ఆడవాళ్లే ఆ నడక చూసి నేర్చుకోవాలనిపించేదని మా తాతయ్య అనేవాడు. "అయితే మీ ఊరికీ మా ఊరికీ వేషాలు తారుమారయ్యాయి, అంతే" అని ఎంత సంబరపడిందో. ఆవిడ 12 ఏళ్లప్పుడు, 1974లో, ఫ్రెంచి విప్లవ కాలం నాటి కథ ఒకటి, ది రోజ్ ఆఫ్ వెర్సాయ్, ఆ వేదిక మీద మొదటిసారి వేశారు. వాళ్లమ్మతో వెళ్లి చూసింది. అప్పటినుంచి ఇప్పటిదాకా వదల్లేదు.

2024 జనవరి 5న నక్షత్ర బృందం ఆర్ఆర్ఆర్‌ని అక్కడ సంగీత నాటకంగా మొదలుపెట్టింది. భీమ్ వైపు నుంచి చెప్పిన కథ. రేయ్ మకొతో అనే అగ్ర నటి భీమ్. పెద్దావిడ తన దగ్గరున్న రెండో టిక్కెట్టుని అసలు ధరకే నాకు ఇచ్చింది, పైసా ఎక్కువ తీసుకోలేదు. అక్కడ టిక్కెట్టు మీద లాభం చూసుకోవడం చాలా చిన్నతనం.

ఆ హాల్లో నియమాలు త్సుకగుచికి పూర్తిగా తలకిందులు. అరవకూడదు. పేరు పెట్టి పిలవకూడదు. చప్పట్లు మాత్రం, అవి కూడా అందరూ కలిసి ఒకే తాళంలో. తెర లేవకముందు ఒక ప్రకటన వచ్చింది: వీపు సీటుకి ఆనించి కూర్చోండి, ముందుకు వంగితే వెనకవాళ్లకి వేదిక కనబడదు. నాకు నవ్వొచ్చింది. అరిచే హాలులోనూ, ఊపిరి బిగబట్టే హాలులోనూ మొదటి మాట అదే. వెనక సీటు వాళ్లు. నాటు నాటు వచ్చినప్పుడు నేను రెండు చేతులతో సీటు పట్టుకుని వీపు ఆనించి కూర్చున్నాను, ముందుకు వంగిపోతానేమోనని. వేదిక నిండా ఆడపిల్లలు, గొంతులు తగ్గించి, భుజాలు విరిచి, మగవాళ్ల బూట్లతో నేల అదరగొడుతున్నారు. చుట్టూ చూస్తే ఎటు చూసినా ఆడవాళ్లే. మా అమ్మని తీసుకురాలేకపోయానే అని ఏడుపొచ్చింది.

ఇక్కడితో ఆపేస్తే ఇది కూడా గ్రూపుల్లో తిరిగే వార్తే అవుతుంది.

తిరుగు ప్రయాణంలో రైలు కదిలాక పెద్దావిడ కిటికీలోంచి ప్లాట్‌ఫారం చూపించింది. సంగీత పాఠశాలలో మొదటి ఏడాది పిల్లలు హన్‌క్యూ రైలు పోతుంటే ప్లాట్‌ఫారం మీద నిలబడి వంగి దండం పెట్టేవాళ్లట. రైల్లో సీనియర్లు ఎవరైనా ఉన్నారేమోనని. ఖాళీ రైలైనా సరే. ఆ ఆచారం 2020 ప్రాంతంలో మాన్పించారు. ఇంకో సంగతి, పొద్దున్నే పాఠశాలంతా మొదటి ఏడాది పిల్లలే శుభ్రం చేసేవాళ్లు, ఎవరికి ఇచ్చిన చోటు వాళ్లు, సందుల్లో దుమ్ముని టేపుతో అద్ది తీసేవాళ్లు. "మేం ఇవి ముచ్చటగా చెప్పుకునేవాళ్లం. ఎంత క్రమశిక్షణో చూడండి అని. మా అమ్మాయికి కూడా చెప్పాను" అంది. తర్వాత నిషినొమియా కితగుచి వచ్చేదాకా మాట్లాడలేదు.

ఎందుకు మాట్లాడలేదో నాకు తెలుసు. అంతకు మూడు నెలల కిందట, 2023 సెప్టెంబరు 30న, ఆకాశ బృందానికి చెందిన 25 ఏళ్ల నటి చనిపోయింది. తన ప్రాణం తనే తీసుకుంది. విపరీతమైన పనిగంటలు, పైవాళ్ల వేధింపులు అని కుటుంబం చెప్పింది. నవంబరులో సంస్థ తన విచారణ నివేదిక పెట్టింది: పని ఎక్కువైన మాట నిజమే, వేధింపులు మాత్రం నిర్ధారణ కాలేదు అని. కుటుంబం ఊరుకోలేదు. చివరికి 2024 మార్చి 28న మాతృసంస్థ వేధింపులు జరిగాయని 14 అంశాల్లో ఒప్పుకుని, ఆ కుటుంబానికి క్షమాపణ చెప్పింది. మేం వెళ్లిన రోజుకి ఆ ఒప్పుకోలు రాలేదు. మేం చూసిన నాటకం ఆ నీడలోనే నడిచింది. వేదిక మీద ఆ పిల్లలు అంత నవ్వుతూ, అంత ఎగురుతూ ఉంటే రాత్రి ఎన్ని గంటలకి పడుకుంటున్నారో నేను ఆలోచించలేదు. టిక్కెట్టు దొరికిన ఆనందంలో ఉన్నాను.

తకరజూకలో నటీమణులని విద్యార్థులు అంటారు. ముప్ఫై అయిదేళ్లు వచ్చినా, అగ్రతార అయినా, విద్యార్థే. మొదట్లో ఆ మాట నాకు ఎంత బాగుందో. తర్వాత దాని బరువు తెలిసింది. విద్యార్థికి జీతం గురించి అడగరు. పనిగంటలు లెక్కపెట్టరు. విద్యార్థి కష్టపడాలి, పెద్దలు చెప్పింది వినాలి. అప్పట్లో మొదటి అయిదేళ్లు ఉద్యోగి లెక్క, ఆ తర్వాత కాంట్రాక్టుగా ఉండేది. చనిపోయిన అమ్మాయి కాంట్రాక్టు మీద ఉంది. అభిమానుల వైపు నుంచి కూడా ఒక కట్టుబాటు ఉంది, సుమిరె కోడ్ అంటారు, సుమిరె అంటే వయొలెట్ పువ్వు. నటి వయసు, జీతం, ఇంటి సంగతులు మాట్లాడకూడదు. కలని కలలాగే ఉంచాలి. మంచి ఉద్దేశంతో పుట్టిందే, ఆ అమ్మాయిల సొంత బతుకు జోలికి ఎవరూ రాకుండా. కానీ దానివల్లే తెర వెనక ఏం జరుగుతున్నా అడగకపోవడం మర్యాద అయిపోయింది.

పాత రోజుల్లో, కరోనాకి ముందు, నాటకం అయ్యాక అభిమానులు థియేటరు బయట వరసల్లో నిలబడేవాళ్లు. దెమాచి అంటారు, బయటికొచ్చే తార కోసం ఎదురుచూడటం. ఒక్కో తార అభిమానులకి ఒక్కో రంగు కండువా. తార రాగానే ముందు వరసలు ఒక్కసారిగా కిందికి కూర్చునేవి, వెనక వరసకి కనబడాలని. తోపులాట లేదు, కేక లేదు. ఉత్తరాలు చేతికిచ్చేవాళ్లు. పెద్దావిడ ఆ వరసలో ఎన్నో ఏళ్లు కూర్చుంది. వానలో, మంచులో. వెనకవాళ్లకి కనబడాలని కూర్చున్న ఆ మనుషులకి, ఎదురుగా నడిచి వెళ్తున్న అమ్మాయి కళ్లకింద నలుపు కనబడలేదా అని నేను అడగగలనా? అడగాలనే నా వాదన.

ఇది తకరజూక ఒక్కదాని సంగతి కాదు. జానీ కితగావా పెట్టిన అబ్బాయిల పాటల బృందాల కంపెనీ విషయంలో, అతని లైంగిక దోపిడీ గురించి ఒక వారపత్రిక రాసినదాంట్లో ముఖ్యమైన భాగం నిజమేనని 2003లోనే టోక్యో హైకోర్టు తేల్చింది. మరుసటి ఏడాది సుప్రీంకోర్టులో అప్పీలు కూడా నిలవలేదు. అయినా టీవీలు మాట్లాడలేదు, ప్రకటనల కంపెనీలు మాట్లాడలేదు. 2019లో అతను పోయాడు. 2023 మార్చిలో బీబీసీ డాక్యుమెంటరీ వచ్చాక, సెప్టెంబరు 7న కంపెనీ తప్పు ఒప్పుకుంది. కోర్టు మాటకీ ఈ ఒప్పుకోలుకీ మధ్య ఇరవై ఏళ్లు. ఆ ఇరవై ఏళ్లలో ఎంతమంది పిల్లలు ఆ గడప తొక్కారో తలుచుకుంటే కడుపు తరుక్కుపోతుంది.

కానీ ఆ కథలోనే నాకు బలం ఇచ్చిన సంగతి ఒకటుంది. డాక్యుమెంటరీ వచ్చిన రెండు నెలలకే కొందరు అభిమానులు కలిసి, నిజం బయటపెట్టండి అంటూ 16 వేలకు పైగా సంతకాలు సేకరించి కంపెనీకి ఇచ్చారు. ఆ సంఘానికి పెట్టుకున్న పేరు పెన్‌లైట్. కచేరీల్లో ఊపే లైటు కర్ర పేరు. మేం బయటివాళ్లం కాదు, ఈ లైటు ఊపినవాళ్లమే, అందుకే అడుగుతున్నాం అన్నట్టు. తోటి అభిమానులు కొందరు వాళ్లని ద్రోహులన్నారు. నా దృష్టిలో ఆ పిల్లలని నిజంగా ప్రేమించింది వాళ్లే.

అభిమానికి ఎలా తెలుస్తుంది, టిక్కెట్టు కొని చూసేవాళ్ల మీద ఈ భారం పెట్టడం న్యాయమా అని మా ఆయన అన్నాడు. లోపలి నిజాలు తెలియకపోవచ్చు, ఒప్పుకుంటాను. కానీ తెలిసిన సంగతులు చాలా ఉన్నాయి. వారానికి పది ఆటలు అని టైమ్‌టేబుల్‌లోనే రాసి ఉండేది. అది ఆ అమ్మాయి పోయాక తొమ్మిది చేశారు. రైలుకి దండం పెట్టడం అందరికీ తెలుసు. టేపుతో దుమ్ము తీయడం అందరికీ తెలుసు. తెలిసిన కష్టాన్ని ముచ్చటగా చెప్పుకున్నాం, అదీ జరిగింది. మన ప్రీ రిలీజ్ ఫంక్షన్లు చూడండి. మూడు రోజులు నిద్రపోకుండా పనిచేశారు, జ్వరంతోనే డాన్స్ చేశారు, దెబ్బ తగిలినా షాట్ ఆపలేదు అని మైకులో చెబితే హాలంతా ఈలలు. ఆ మాటలకి చిన్నప్పుడు టీవీ ముందు కూర్చుని నేనూ చప్పట్లు కొట్టాను. నిద్రలేకుండా పనిచేయించారు అన్న మాటకి మనం ఎందుకు ఈల వేస్తున్నాం?

త్సుకగుచిలో కాగితాలు ఎత్తడానికీ, ఆ పాఠశాలలో టేపుతో దుమ్ము తీయడానికీ మధ్య తేడా గురించి నేను చాలా రోజులు ఆలోచించాను. చూడటానికి రెండూ ఒకటే, వంగి నేల శుభ్రం చేస్తున్న ఆడవాళ్లు. మొదటిది ఎగరేసినవాళ్లే ఎత్తడం, ఇష్టం లేకపోతే చీపురు పక్కన పెట్టి ఇంటికెళ్లిపోవచ్చు, ఎవరూ ఏమీ అనరు. రెండోదాంట్లో పదిహేనేళ్ల పిల్లకి కాదనే వీల్లేదు. బయటినుంచి చూసి ఆహా ఎంత క్రమశిక్షణ అనేవాళ్లకి ఈ రెండూ ఒకేలా కనబడతాయి. జపాన్ గురించి మన దగ్గర వచ్చే పొగడ్తల్లో సగం ఇలాంటివే. అందుకే ఆ పొగడ్తలు చూస్తే నాకు భయం.

2025లో తకరజూకని విడిగా కంపెనీ చేశారు, నటీమణుల ఒప్పందాలు మార్చడం మొదలుపెట్టారు. మార్పు వచ్చింది. ఒక ప్రాణం పోయాక, కుటుంబం పట్టు విడవకపోతే వచ్చింది. రెండున్నర వేల సీట్లు రోజూ నింపేవాళ్లు ముందే అడిగి ఉంటే ఎన్నేళ్ల ముందు వచ్చేదో.

మార్చి ఒప్పుకోలు వచ్చిన తర్వాత వారం పెద్దావిడ మా ఇంటికి వచ్చింది. చెర్రీపూలు రాలుతున్నాయి. నేను ఉప్మా చేస్తే ఇష్టంగా తింది. తర్వాత సంచిలోంచి లేత ఊదారంగు ఉత్తరాల కాగితాల పుస్తకం తీసింది. నలభై ఏళ్లుగా తారలకి ఆ రంగు కాగితం మీదే రాస్తోందట. పేజీ సగం రాసి ఉంది, నాలుగుచోట్ల కొట్టేసి ఉంది.

"ప్రతి ఉత్తరం చివరా 'ఒళ్లు జాగ్రత్తగా చూసుకోండి' అని రాస్తాను. మా జపనీస్‌లో అందరూ అలాగే రాస్తారు. రాశాను, రాశాను, నలభై ఏళ్లు రాశాను. ఎన్ని గంటలు నిద్రపోతున్నారు అని ఒక్కసారి అడగలేదు" అంది.

ఈ ఉత్తరం తారకి కాదు, సంస్థకి. ఆ ప్రశ్న ఎలా రాయాలో, ఎంత మర్యాదగా రాయాలో తెలియక ఆగిపోయింది. మర్యాద మాటలు ఆవిడకి తెలిసినన్ని నాకు తెలియవు. నేను పక్కన కూర్చున్నాను. ఆవిడ కొట్టేసిన పేజీ చింపి, కొత్త పేజీ తీసి, పలకరింపులూ రుతువుల వర్ణనలూ ఏమీ లేకుండా, పైన తేదీ వేసి, మొదటి వాక్యంగా ఆ ప్రశ్నే రాసింది. చింపిన కాగితం మడిచి సంచిలో వేసుకుంది. మళ్లీ మసాలా ఆట పడినప్పుడు పనికొస్తుందంది.